ఆ పచ్చ గౌను ఎవరిది

ఆ ఆదివారం పొద్దున్నే దెల్ఫీనాకి ఎయిర్‌పోర్టులో ఉన్నవాళ్ళందరూ మారువేషంలో ఉన్న ఆఫీసర్లలాగే కనిపించారు. నేల తుడిచే ఆవిడ తనవైపు రెండుసార్లు చూసింది. ఎందుకు చూసినట్టు? కాఫీ అమ్మే ఆవిడ "ఎక్కడికి మామ్?" అని నవ్వుతూ అడిగితే, కాఫీ వద్దు ఏమీ వద్దని వచ్చేసింది. వరసలో వెనక నిలబడ్డ పెద్దాయన "హాంకాంగేనా అమ్మాయ్?" అని పలకరిస్తే "తెలీదండీ" అంది. బోర్డింగ్ పాస్ చేత్తో పట్టుకుని ఎక్కడికెళ్తోందో తెలీదంటున్న మనిషిని ఆయన ఎగాదిగా చూసి, తన పెట్టెని అరడుగు వెనక్కి లాక్కున్నాడు.

తప్పంతా మాంగ్ ఇస్కోది, అంటే ఇస్కో బాబాయిది. ఆయనది దెల్ఫీనా వాళ్ళ ఊరు లెమెరీ బజార్లో కటింగ్ షాపు. పుట్టి బుద్ధెరిగాక బతంగాస్ జిల్లా దాటింది నాలుగుసార్లు, అందులో రెండు పెళ్ళిళ్ళు, రెండు దినాలు. అయినా ఊళ్ళోంచి ఎవరు విమానం ఎక్కాలన్నా ముందు ఆయన కుర్చీలో కూర్చుని పాఠం చెప్పించుకోవాల్సిందే. హాంకాంగ్ వెళ్ళడానికి మనవాళ్ళకి వీసా అక్కర్లేదు. పద్నాలుగు రోజులు దర్జాగా తిరిగి రావచ్చు. అటు తలుపు తీసే ఉంటుంది. గొళ్ళెం ఉండేది మన గుమ్మానికే. చూడ్డానికని చెప్పి వెళ్ళి అక్కడే పనికి కుదిరిపోయేవాళ్ళు, ఎవరో తీపి మాటలు చెబితే నమ్మివెళ్ళి ఇరుక్కునేవాళ్ళు ఎక్కువైపోయారని మన ఆఫీసర్లే ఆపి అడుగుతారు. అనుమానం వస్తే విమానం ఎక్కనివ్వరు, దించేస్తారు. లెమెరీలో "పాపం, దించేశారట" అన్నారంటే, ఇంక ఆ ఇంటికి నాలుగు రోజులు చుట్టాలు పరామర్శకి వస్తారు.

మాంగ్ ఇస్కో దువ్వెన పట్టుకుని ఆఫీసరయ్యేవాడు.

"ఎందుకెళ్తున్నావు?"

"చూడ్డానికి."

"ఏం చూడ్డానికి?"

"అక్కడున్నవి."

"బాగుంది. అక్కడ నీకెవరున్నారు?"

"మా ఆతే సలూద్ ఉంది."

దువ్వెన నెత్తిన పడింది. "ఎవరూ లేరు. మనిషుందంటే పనుందంటారు. మళ్ళీ చెప్పు, ఎవరున్నారు?"

"ఎవరూ లేరు. ఆతే వింటే ఏడుస్తుంది మాంగ్ ఇస్కో."

"నువ్వు దిగాక ఏడవమను. ముక్కు తుడుద్దువుగాని."

ఆతే అంటే అక్క. తనకంటే నెల ముందు పుట్టిన ఆడమనిషి ఎవరైనా లెమెరీలో ఆతేనే. కానీ దెల్ఫీనాకి సలూద్ అలాంటి ఆతే కాదు. గోడ అవతలి ఇంటి మనిషి. దెల్ఫీనాకి పొంగు పోసినప్పుడు సొంతవాళ్ళు గుమ్మం దగ్గరే నిలబడితే, పక్కన పడుకుంది సలూద్. పంతొమ్మిదేళ్ళ కిందట హాంకాంగ్‌లో ఇంటిపనికి వెళ్ళింది. వెళ్ళిన రెండో ఏడే పెద్ద అట్టపెట్టెలో సబ్బులు, చాక్లెట్లు, వాటి మధ్యలో టవళ్ళు చుట్టిన కుట్టు మిషను పంపింది. ఇవాళ దెల్ఫీనా ఊళ్ళో సగం మంది ఆడపిల్లలకి యూనిఫారాలు కుడుతోందంటే ఆ మిషను మీదే.

అక్కడ మనవాళ్ళకి ఆదివారం సెలవు. ఏడాదికోసారి అందాల పోటీ పెట్టుకుంటారు. వంటలూ, గిన్నెలూ, ముసలాళ్ళకి స్నానాలూ చూసుకునేవాళ్ళందరూ ఆ ఒక్కరోజు కిరీటం కోసం నడుస్తారు. పోయినేడాది సలూద్ అద్దె గౌను వేసుకుని స్టేజి ఎక్కింది. సరిగ్గా తల ఎత్తి నవ్వే చోట వెనక జిప్పు నోరు తెరిచింది. జనం నవ్వారు. ఆ నవ్వుని ఎవరో ఫోన్లో పట్టారు. అది లెమెరీ దాకా వచ్చింది. సలూద్ మూడు నెలలు ఎవరికీ ఫోన్ చెయ్యలేదు. ఆ తర్వాత ఒకరోజు దెల్ఫీనాకి చేసి, "ఈసారి నువ్వు కుట్టు. నలభై ఏడేళ్ళొచ్చాయి నాకు, వచ్చే ఏడాది నన్ను తీసుకోరు. నన్ను నిలబెట్టి అంచు నువ్వే మడవాలి, నువ్వే తొడగాలి. నువ్వు రాకపోతే నేను స్టేజి ఎక్కను" అంది. అనడంతో ఊరుకోలేదు, టికెట్ కొని పంపింది.

పోటీ ఆ మధ్యాహ్నం మూడింటికి. విమానం ఎనిమిదీ పదికి. దెల్ఫీనా భుజాన ఉన్న పొడుగాటి సంచిలో పచ్చ శాటిన్ గౌను, సీతాకోకచిలుక రెక్కల్లాంటి చేతులు, ఛాతీ మీద దగ్గర దగ్గరగా చమ్కీలు.

ఆరున్నరకి కౌంటర్ దగ్గరకి పిలుపొచ్చింది. లోపల కూర్చున్న కుర్రాఫీసరు పాస్‌పోర్టు తెరిచాడు.

"ఎందుకెళ్తున్నారు మామ్?"

"ఎవరూ లేరు."

అతను తల ఎత్తాడు. దెల్ఫీనాకి అప్పుడు వెలిగింది. రెండో జవాబు మొదటి ప్రశ్నకి చెప్పేసింది.

"అంటే, చూడ్డానికి. నాలుగు రోజులు. అక్కడున్నవి చూడ్డానికి."

"ఆ సంచిలో ఏముంది?"

"బట్టలు. నావే."

అతను పాస్‌పోర్టు మీద ముద్ర వెయ్యలేదు. ఒక పచ్చకాగితం మీద ఆమె జవాబులు రాసి అందులో పెట్టి, చేత్తో పక్క గది చూపించాడు. వెనకున్న పెద్దాయన "నేననుకున్నా" అన్నట్టు తలాడించాడు.

ఆ గదిలో బల్ల వెనక ఒక ఆవిడ కూర్చుంది. యాభై దగ్గరుంటాయి. కళ్ళజోడు గొలుసుకి వేలాడుతోంది. చొక్కా మీద లగ్దమేయో అని పేరుంది. ఆవిడ దెల్ఫీనాని కూర్చోమనలేదు, సంచిని కూర్చోబెట్టింది. దాని జిప్పు తీయగానే చమ్కీలు గదంతా మెరిశాయి.

"చూడ్డానికెళ్తున్నావు."

"అవును మామ్."

"ఇది వేసుకుని చూస్తావా?"

దెల్ఫీనా చమ్కీల వంక చూసింది. తక్కువ మాట్లాడమని మాంగ్ ఇస్కో చెప్పాడు.

"ఏ క్లబ్బులో పాడతావు?"

"పాటా? చర్చిలో కూడా నేను ఊరికే పెదాలు ఆడిస్తాను మామ్. నన్ను గట్టిగా పాడొద్దని ఫాదరే చెప్పారు."

"అయితే డాన్సా?"

"అయ్యో మామ్."

లగ్దమేయో గౌనుని భుజాల దగ్గర పట్టుకుని ఎత్తింది. దెల్ఫీనా ముందు ఆనించి చూసింది. దెల్ఫీనా వెదురుబద్దలా ఉంటుంది. గౌను ఆమె చుట్టూ ఒక చుట్టు తిరిగి ఇంకా మిగిలింది.

"ఇది నీదే అన్నావు కౌంటర్ దగ్గర."

"అవును మామ్."

"ఒక్కదానివే వేసుకుంటావా, లోపలికి ఇంకెవరన్నా వస్తారా?"

పక్క బల్ల దగ్గర ఎవరో కిసుక్కుమన్నారు. లగ్దమేయో మాత్రం నవ్వలేదు. సంచి అడుగు నుంచి బరాకో కాఫీ పొడి పొట్లాలు ఒక్కొక్కటే తీసి బల్ల మీద పేర్చింది. తొమ్మిది వచ్చాయి. ఆ తర్వాత బెల్లం పాకం పట్టిన వేరుశనగ అచ్చులు, రెండు సీసాల చేపల పచ్చడి.

"నాలుగు రోజుల్లో ఇంత కాఫీ తాగుతావు."

"నాకు కాఫీ అంటే ఇష్టం మామ్."

"చూడమ్మా, నేనూ ఇక్కడే పుట్టాను. ఉత్త చేతుల్తో ఎవరింటికీ వెళ్ళం మనం. ఎవరూ లేని ఊరికి తొమ్మిది పొట్లాలు పట్టుకెళ్ళే మనిషిని నేనింతవరకు చూళ్ళేదు. ఎవరికివి?"

మాంగ్ ఇస్కో పాఠంలో కాఫీ లేదు. వేరుశనగ అచ్చులూ లేవు. ఎవరూ లేరని చెప్పమన్న ఆయనే, రాత్రి ఇంటికొచ్చి "ఈ రెండు సీసాలు సలూద్‌కివ్వు, నేనిచ్చానని చెప్పు" అని సంచిలో దూర్చాడు.

"మా ఆతేకి" అంది దెల్ఫీనా.

"అక్క ఉందా? కౌంటర్ దగ్గర ఎవరూ లేరన్నావే. సరే, పూర్తి పేరు చెప్పు."

"సలూద్ కటిగ్బాక్ మరసిగాన్."

లగ్దమేయో కళ్ళజోడు పెట్టుకుంది. ఒక కాగితం మీద ఆ పేరు రాసి, దాని కింద పాస్‌పోర్టులో ఉన్న పేరు రాసింది. దెల్ఫీనా మగ్సీనో దిమాకులాంగన్. మనలో మధ్యపేరంటే అమ్మ పుట్టింటిదే కదా, రెంటి మధ్య పేర్ల కిందా గీత గీసి కాగితం ఇటు తిప్పింది.

"మీ అమ్మ పుట్టింటిపేరు మగ్సీనో. మీ ఆతే వాళ్ళ అమ్మ పుట్టింటిపేరు కటిగ్బాక్. ఇంటిపేరూ కలవలేదు. మీ అమ్మకి ఎన్ని పుట్టిళ్ళు?"

"అక్కే మామ్. కానీ అక్క కాదు. పక్కింటి ఆతే."

"పక్కింటి ఆతే." లగ్దమేయో పెన్ను కింద పెట్టింది. "ఈ కుర్చీలో కూర్చుని ఏడ్చిన ప్రతి పిల్లకీ ఒక ఆతే ఉంది. ఒకళ్ళకీ ఆ ఆతే చుట్టం కాదు. టికెట్ కొని పంపుతుంది. ఎవరడిగినా నా పేరు చెప్పకు అంటుంది. విమానం దిగ్గానే పాస్‌పోర్టు తన సంచిలో వేసుకుంటుంది. నీ టికెట్ ఎవరు కొన్నారు?"

"ఆతే."

"పాస్‌పోర్టు ఫొటో తీసి పంపమందా?"

"టికెట్ కోసం అడిగింది మామ్."

"ఎవరూ లేరని చెప్పమన్నదెవరు?"

"మాంగ్ ఇస్కో."

"ఆయనెవరు? ఏజెంటా?"

"కటింగ్ షాపు మామ్."

లగ్దమేయో "ఇస్కో" అని రాసి దాని చుట్టూ గుండ్రంగా గీసింది. మాంగ్ ఇస్కో పేరు అలా ఒక ప్రభుత్వ కాగితానికి ఎక్కింది. ఆయనకి తెలిస్తే ఫ్రేము కట్టించుకుని షాపులో పెట్టుకునేవాడు.

దెల్ఫీనా మాత్రం ఆ సున్నా వంక చూస్తూ ఉండిపోయింది. ఆవిడ అన్నవన్నీ నిజాలే. టికెట్ ఆతే కొంది. ఫొటో ఆతే అడిగింది. ఆతేని కళ్ళతో చూసి ఆరేళ్ళయింది. ఆరేళ్ళలో మనిషి ఏమైనా అవ్వచ్చు. ఈ ఏడు అందాల పోటీ ఉందన్నది ఆతే ఒక్కతే, ఇంకెవరూ చెప్పలేదు. కొలతలు కూడా ఫోన్లోనే తీసుకుంది. పోయినేడాది స్టేజి మీద జిప్పు ఊడిన మనిషి నిజంగా... ఛ. పొంగు పోసిన పిల్ల పక్కన పడుకున్న మనిషిని ఏమనుకుంటోంది తను? దెల్ఫీనాకి తన మీద తనకే రోత పుట్టింది. అయినా ఆ అనుమానం, జాకెట్టులో ఉండిపోయిన గుండుసూదిలా, కదిలినప్పుడల్లా గుచ్చుతూనే ఉంది.

"పార్సిల్లో పంపొచ్చుగా గౌను?" అంది లగ్దమేయో.

"అంచు మడవలేదు మామ్. మనిషి చెప్పులేసుకుని నిలబడితే గానీ ఎంత మడవాలో తెలీదు. మధ్యాహ్నం మూడింటికి పోటీ. నేను వెళ్ళకపోతే ఆవిడ స్టేజి ఎక్కదు."

గోడ గడియారం ఏడూ పది చూపిస్తోంది. లగ్దమేయో దెల్ఫీనా ఫోను తీసుకుని ఆతే నంబరు చూసింది. కానీ ఆ ఫోన్లోంచి చెయ్యలేదు. "నీ పేరు చూస్తే జాగ్రత్త పడుతుంది" అని బల్ల మీది ఆఫీసు ఫోను తీసి, నంబరు నొక్కి, అందరికీ వినబడేలా పెట్టింది.

అవతల హెయిర్ డ్రయర్ రొద. "ఎవరూ?"

"ఇమిగ్రేషన్ ఆఫీసు నుంచి మాట్లాడుతున్నాను. మీకు దెల్ఫీనా దిమాకులాంగన్ అనే మనిషి తెలుసా?"

రొద ఆగింది. దెల్ఫీనా బల్ల అంచు పట్టుకుంది.

"తెలీదు" అంది సలూద్.

లగ్దమేయో దెల్ఫీనా వైపు చూసిన చూపులో గెలిచిన సంతోషం లేదు. ఆవిడకి ఇలాంటివి అలవాటే.

"మీరు టికెట్ కొన్నారని చెబుతోంది."

"నేనెవరికీ ఏమీ కొనలేదు. పోయిన నెల ఇంకొకావిడ చేసింది నీలాగే. కస్టమ్స్ అంది. మీ తమ్ముణ్ణి పట్టుకున్నాం, డబ్బు పంపు అంది. నాకసలు తమ్ముడే లేడు. నువ్వేమడుగుతావు? కార్డు నంబరా?"

"నేను నిజంగానే ఆఫీసర్ని."

"నేను నిజంగానే మహారాణిని. ఆదివారం కూడా సెలవు లేదా తల్లీ మీ దొంగలకి?"

పక్క బల్ల దగ్గరున్నతను దగ్గు వచ్చినట్టు మొహం తిప్పుకున్నాడు. దెల్ఫీనా ఆగలేక ఫోను మీదికి వంగింది. "ఆతే, నేనే. దెల్ఫీనాని. నన్నాపేశారు."

"ఇదిగో, గొంతు కూడా తయారు చేశారు. ఇప్పుడన్నీ మిషన్లే చేస్తున్నాయిగా. మా ఓనరమ్మ వాళ్ళ అత్తకి కొడుకు గొంతుతోనే చేశారు."

"ఆతే, ఒట్టు, నేనే."

"నువ్వే అయితే నా నడుమెంతో చెప్పు."

దెల్ఫీనా లగ్దమేయో వంక, పక్క బల్లతని వంక, గోడ వంక చూసింది. గొంతు తగ్గించి అడిగింది.

"పోటీ ఫారంలో రాసింది చెప్పాలా, గుడ్డ కోసింది చెప్పాలా?"

అవతల హెయిర్ డ్రయర్ కింద పెట్టిన చప్పుడైంది. ఆ తర్వాత, "దెల్ఫీనా. ఏమైందే? ఎక్కడున్నావు? నీ మీద ఎవరన్నా చెయ్యి చేసుకున్నారా?"

"గుడ్డ కోసింది ఎంత?" అంది లగ్దమేయో.

"మధ్యలో ఇదెవరు?" అంది సలూద్.

"నలభై ఒకటి మామ్. ఫారంలో ముప్పై నాలుగు."

"అందరూ వింటున్నారా ఇది?" అంది ఫోను.

లగ్దమేయో ఇరవై రెండేళ్ళుగా ఆ బల్ల వెనక కూర్చుంటోంది, నలభై ఒకటి అన్నది ముందే అనుకున్న గుర్తుమాట కాదని ఏంటి నమ్మకం? "టేపుందా?" అంది. దర్జీ మనిషి దగ్గర టేపు లేకపోవడమేంటి, దెల్ఫీనా మెడలోంచి తీసిచ్చింది. లగ్దమేయో లేచి, పచ్చ గౌనుని బల్ల మీద పరిచి, నడుం దగ్గర ఈ కొస నుంచి ఆ కొసకి టేపు పట్టి, రెట్టింపు చేసి లెక్క చూసుకుంది. ఇంకోసారి కొలిచింది. జిప్పుని కూడా లాగి చూసింది. గట్టిగా లాగింది. అది పై నుంచి కింది దాకా రెండు వరసల కుట్టుతో ఉంది, కదల్లేదు.

"నలభై ఒకటే" అంది, కొంచెం నిరాశగానే. ఫోను వైపు తిరిగి, "మీ పేరు మీద కాంట్రాక్టు కాగితం, గుర్తింపు కార్డు, ఆ పోటీ కాగితం ఫొటోలు తీసి ఈ పిల్ల ఫోనుకి పంపండి. పది నిమిషాల్లో" అంది.

"ముందు మీ గుర్తింపు కార్డు ఫొటో పంపండి" అంది సలూద్.

లగ్దమేయో కళ్ళజోడు తీసేసింది. చొక్కాకున్న కార్డు విప్పి దెల్ఫీనా చేతికిచ్చింది. దెల్ఫీనా దాన్ని ఫొటో తీసి పంపింది. ఒక ఆఫీసరు కార్డుని ఆఫీసరు ముందే ఫొటో తీయడం ఆ గదిలో అంతకుముందు జరిగిందో లేదో తెలీదు. నాలుగు నిమిషాలకి సలూద్ కాగితాలొచ్చాయి. పోటీ కాగితంలో నడుము ముప్పై నాలుగనే ఉంది. లగ్దమేయో దాన్నే ఎక్కువసేపు చూసింది.

"ఇదంతా కౌంటర్ దగ్గరే చెప్పుంటే అయిపోయేది" అంది చివరికి. "ఎందుకబద్ధమాడావు?"

"నిజం చెబితే పంపేవారా మామ్?"

లగ్దమేయో కాఫీ పొట్లాలు సంచిలోకి సర్దడం మొదలెట్టింది. ఎనిమిదో పొట్లం దగ్గర, "నీలాగే మాట్లాడిందొకతి" అంది. "పోయినేడాది. అమాయకంగా. నేను ముద్ర వేశాను. వాళ్ళమ్మ ఇంకా నాకు ఫోన్ చేస్తూనే ఉంది."

దెల్ఫీనా చేతులు గౌను మడతల మీద ఆగాయి. ఇంతసేపూ ఆవిడ తనని పట్టుకోవాలని చూస్తోందనుకుంది. తొమ్మిదో పొట్లం ఆవిడ ముందుకి తోసింది.

"తీసుకోండి మామ్."

"లంచమిస్తున్నావా?"

"లేదు మామ్."

"అయితే లోపల పెట్టు." పాస్‌పోర్టు మీద ముద్ర పడింది. "బుధవారం మధ్యాహ్నం నీ విమానం దిగుతుంది. నేను డ్యూటీలోనే ఉంటాను. దిగావో లేదో చూస్తాను."

"దిగుతాను మామ్."

"అందరూ అదే అంటారు. పరిగెత్తు."

దెల్ఫీనా పరిగెత్తింది. మధ్యలో ఆగి ముద్ర సరైనదేనా, వెనక్కి పంపే ముద్రా అని రెండుసార్లు విప్పి చూసుకుంది. గేటు మూసే అమ్మాయి తాడు కడుతుంటే కింద నుంచి దూరింది.

హాంకాంగ్‌లో దిగి వరసలో నిలబడింది. ఈసారి పాఠం లేదు, అంతా నిజమే చెప్పేద్దామని దారంతా అనుకుంటూ వచ్చింది. ఆతే ఉంది, అక్కే, కానీ అక్క కాదు, పుట్టిళ్ళు వేరు, గౌను ఆవిడదే, నడుము నలభై ఒకటి. వచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కల్లో దాన్ని పేర్చుకుంది. కౌంటర్లో ఉన్నతను పాస్‌పోర్టు యంత్రం మీద పెట్టాడు, ఆమె మొహం చూశాడు, ఒక చిన్న చీటీ పాస్‌పోర్టులో పెట్టి వెనక్కి ఇచ్చేశాడు. పెదవి విప్పలేదు.

దెల్ఫీనా కదల్లేదు.

అతను వేలితో అటు వెళ్ళమన్నాడు. ఆమె సంచి జిప్పు కొంచెం తీసి చూపించింది. అతను ఆమె పక్క నుంచి తొంగిచూసి తర్వాతి మనిషిని పిలిచాడు.

ఇదేదో మోసం అనుకుంది దెల్ఫీనా. ఎవరో వెనక నుంచి పిలుస్తారని పది అడుగులు వెనక్కి చూసుకుంటూనే నడిచింది. ఎవరూ పిలవలేదు. అద్దాల తలుపు తెరుచుకుంది. అవతల సలూద్ తలనిండా రోలర్లతో, కాళ్ళకి పోటీ చెప్పులు ముందే తొడుక్కుని, జనం మధ్యలో ఒక అట్టముక్క పరిచి దాని మీద నిలబడి ఉంది.

"ముందు అంచు" అంది. "ఏడుపు తర్వాత."